మణికట్టు నొప్పి: ముందు ఒక్క వేలితో చోటు చూపించండి

[దృశ్యం: ఆర్కే బీచ్, ఉదయం ఆరు గంటలు. కురుసుర జలాంతర్గామికి ఎదురుగా ఇసుకలో ఒక పెద్దాయన సూర్య నమస్కారాలు చేస్తున్నారు. కెమెరా నెమ్మదిగా ఆయన చేతుల దగ్గరికి వెళ్తుంది.]

ఆ చేతులు చూడండి. అరచేతి మొదలు, అంటే మణికట్టుకు ఆనుకుని ఉన్న కండ, ఇసుకలో రెండంగుళాలు దిగిపోయింది. వేళ్లు మాత్రం పైనే ఉన్నాయి. బరువంతా అరచేతి మొదలు మీదే పడుతోంది కాబట్టి అది దిగుతుంది. అది దిగిన కొద్దీ మణికట్టు ఇంకా వెనక్కి విరుచుకుంటుంది. మెత్తటి ఇసుక కదా, చేతులకు హాయి అనుకుంటాం. మణికట్టు లెక్కలో గచ్చు నేలే నయం.

[దృశ్యం: క్లినిక్ గది. బల్ల మీద చేతి ఎముకల నమూనా.]

నమస్కారం. నేను ఫిజియోథెరపిస్టును, ఎంవీపీ కాలనీలో నాకు చిన్న క్లినిక్ ఉంది. 2025 జూన్ 21న యోగా దినోత్సవానికి మన బీచ్ నుంచి భోగాపురం దాకా దారి పొడవునా చాపలు పరిచిన సంగతి మీకు గుర్తుండే ఉంటుంది. ఆ ఊపులో మొదలుపెట్టి ఇప్పటికీ మానకుండా చేస్తున్నవాళ్లు మా వీధిలోనే ఉన్నారు, సంతోషం. అయితే నా దగ్గరికి వచ్చేవాళ్లలో "అమ్మా, మిగతా ఒళ్లంతా బాగానే ఉంది, ఈ మణికట్టే" అనేవాళ్లు మాత్రం ఎక్కువయ్యారు. జిమ్‌లో దండీలు తీసే కుర్రాళ్లదీ ఇదే మాట.

వీళ్లలో చాలామంది మణికట్టును గుప్పిట్లో పట్టుకుని "ఇక్కడే, ఇక్కడంతా" అంటారు. అలా కాదు. ఒక్క వేలితో చోటు చూపించాలి. ఆ వేలు ఎక్కడ ఆగిందన్న దాన్ని బట్టే వైద్యం మారుతుంది. ఇప్పుడే చేయి నేలకు ఆనించి కాస్త బరువు వేసి, ఎక్కడ పొడుస్తోందో చూసుకోండి. ఈ లోపు నేను ఒక చిన్న పరీక్ష చెబుతాను.

[దృశ్యం: ఛాతీ ముందు నమస్కారం. మోచేతులు నెమ్మదిగా పైకి లేస్తాయి.]

నమస్కారం పెట్టండి. అరచేతులు విడిపోకుండా మోచేతులను పక్కలకు ఎత్తుతూ, రెండు ముంజేతులూ ఒకే అడ్డగీతలా వచ్చేదాకా తీసుకెళ్లండి. అలా వస్తే మీ మణికట్టు 90 డిగ్రీలు వంగినట్టు. చాలామందికి అంత దూరం రాకముందే అరచేతుల మొదళ్లు విడిపోతాయి. మణికట్టు తనంతట తాను వెనక్కి వంగేది మామూలుగా 70 డిగ్రీల వరకే. దండీలో భుజం సరిగ్గా చేతి మీదికి వచ్చినప్పుడు కావలసిందేమో 90. తక్కువైన ఆ ఇరవై డిగ్రీలను మీ ఒంటి బరువు బలవంతంగా తెచ్చి పెడుతుంది. కిందికి దిగేటప్పుడు భుజాలు వేళ్ల కంటే ముందుకు జారితే 90 కూడా దాటిపోతుంది.

ఆ బరువెంతో చూద్దాం. దండీ భంగిమలో ఒంటి బరువులో సుమారు మూడింట రెండు వంతులు చేతుల మీద ఉంటుంది. డెబ్భై కిలోల మనిషి అనుకుంటే ఒక్కో చేతి మీద ఇరవై మూడు కిలోల పైమాటే. రైతు బజారులో 25 కిలోల బియ్యం బస్తాను పూర్తిగా విరిచిన అరచేతి మీద నిలబెట్టి, "కాసేపు అలాగే ఉండండి" అంటే ఎవరూ ఒప్పుకోరు. పొద్దున్నే చాప మీద మనం చేస్తున్నది మాత్రం అదే.

[దృశ్యం: ఎముకల నమూనా దగ్గరగా.]

ముంజేతిలో రెండు ఎముకలు ఉంటాయి. బొటనవేలి వైపు రేడియస్, చిటికెన వేలి వైపు అల్నా. వాటికీ అరచేతికీ మధ్య గులకరాళ్ల లాంటి ఎనిమిది చిన్న ఎముకలు రెండు వరుసల్లో ఉన్నాయి. అరచేతి నుంచి వచ్చే బరువులో దాదాపు 80 శాతం రేడియస్ మోస్తుంది, మిగతాది అల్నా.

ఇప్పుడు మీ వేలు ఎక్కడ ఉందో చూడండి.

మణికట్టు వెనక, నడుమ. నేను ఎక్కువగా చూసేది ఇదే. చేయి వెనక్కి విరిగినప్పుడు రేడియస్ అంచుకూ చిన్న ఎముకలకూ మధ్య కీలు పొర నలుగుతుంది, తలుపు సందులో గుడ్డ పీలిక పడినట్టు. ఒకసారి నలిగితే వాస్తుంది. వాచిన పొర మరుసటి రోజు ఇంకా సులువుగా నలుగుతుంది. దీన్ని తేల్చుకోవడం తేలిక. మెత్తటి చాప మీద పిడికిలి బిగించి, మణికట్టు తిన్నగా ఉంచి అదే బరువు వేయండి. అరచేతితో నొప్పి వచ్చి, పిడికిలితో రాకపోతే, తప్పు బరువుది కాదు, కోణానిది. ఈ చోటే బఠాణీ గింజంత గడ్డ తేలుతుంది కొందరికి. అది గాంగ్లియాన్, లోపల జిగట ద్రవం ఉంటుంది. క్యాన్సర్ కాదు. చాలామందికి దానంతట అదే తగ్గిపోతుంది కూడా. సూదితో ద్రవం తీసినా మళ్లీ రావడం మామూలే. వెనకటికి లావుపాటి పుస్తకంతో గట్టిగా కొట్టి పగలగొట్టేవారు. దయచేసి ఇంట్లో ఆ ప్రయోగం చేయకండి.

చిటికెన వేలి వైపు. అక్కడ అల్నా చివర మెత్తటి మృదులాస్థి దిండు ఉంటుంది. తలుపు పిడి తిప్పినా, తడి బట్టలు పిండినా, కుర్చీ చేతుల మీద బరువు వేసి లేచినా అక్కడే పోటు వస్తే ఆ దిండు దెబ్బతిని ఉండవచ్చు. కొందరికి పుట్టుకతోనే అల్నా కాస్త పొడవు. రెండున్నర మిల్లీమీటర్ల తేడా చాలు, దాని మీద పడే బరువు రెట్టింపవుతుంది. ఇది సొంత వైద్యానికి లొంగే రకం కాదు, చూపించుకోండి.

బొటనవేలి వైపు, ఎముక మీద నరం లాగినట్టు ఉంటే డి క్వెర్వాన్ కావచ్చు, అంటే బొటనవేలిని కదిలించే స్నాయువుల తొడుగు బిగుసుకుపోవడం. పసిపిల్లలను రోజంతా ఎత్తుకునే తల్లులకూ నాయనమ్మలకూ ఎక్కువగా వస్తుంది. ఇక నొప్పి కాదు తిమ్మిరి, అదీ బొటనవేలు, చూపుడు వేలు, నడిమి వేలులో, రాత్రి నిద్రలో లేపి చేయి విదిలించుకునేలా చేస్తుంటే అది కార్పల్ టన్నెల్, నరం నొక్కుకుపోవడం. రాత్రిళ్లు మణికట్టు తిన్నగా ఉంచే పట్టీ కట్టుకుని పడుకోవాలి, చక్కెర, థైరాయిడ్ పరీక్షలు చేయించుకోవాలి.

ఒక్కటి మాత్రం తొందరపడకుండా చెప్పాలి.

[దృశ్యం: బొటనవేలు పైకెత్తినప్పుడు దాని మొదట్లో పడే గుంట. వేలు ఆ గుంటను నొక్కుతుంది.]

బొటనవేలు పైకెత్తండి. మణికట్టు దగ్గర చిన్న గుంట పడింది కదా. దాని అడుగున స్కఫాయిడ్ అనే ఎముక ఉంటుంది. గ్రీకులో ఆ మాటకు పడవ ఆకారం అని అర్థం. మన ఫిషింగ్ హార్బర్‌లో ఒడ్డుకు లాగి పెట్టిన నాటు పడవలా వంపు తిరిగి ఉంటుంది. పడబోతూ అరచేయి నేలకు ఆనిస్తే విరిగేది ఎక్కువగా ఇదే. ఆ మధ్య ఒక కుర్రాడు వచ్చాడు. హనుమంతవాక దిగుడులో స్కూటర్ జారింది. బెణికిందనుకున్నారు. నూనె రాశారు, నాటుకట్టు కట్టారు, వాపు తీసింది. రెండు నెలల తర్వాత దండీలు మొదలుపెడితే నొప్పి. ఈ గుంటలో నా వేలు పెట్టగానే చేయి లాక్కున్నాడు. ఎక్స్‌రేలో ఎముక రెండు ముక్కలుగానే ఉంది.

ఎందుకు అతకలేదంటే, ఈ ఎముకకు రక్తం వేళ్ల వైపు నుంచి వెనక్కి వస్తుంది. కాలువ నీళ్లు శివారు పొలానికి ఆఖరున చేరినట్టు, ముంజేతి వైపు ముక్కకు చివరగా అందుతుంది. మధ్యలో విరిగితే ఆ శివారు ఎండిపోతుంది. పైగా దెబ్బ తగిలిన రోజు తీసిన ఎక్స్‌రేలో ఈ విరుగు కనబడకపోవచ్చు. అందుకే అనుమానం ఉంటే చేయి కదలకుండా కట్టి, పది పధ్నాలుగు రోజులకు మళ్లీ తీస్తారు, లేదా ఎంఆర్ఐ చేయిస్తారు. కింద పడ్డాక ఈ గుంటలో నొప్పి ఉంటే వీడియో ఇక్కడే ఆపి ఎముకల డాక్టరు దగ్గరికి వెళ్లండి. కీలు ఎర్రబడి వేడిగా ఉండి జ్వరం వచ్చినా, రెండు మణికట్లూ పొద్దున్న అరగంటకు మించి బిగుసుకుపోతున్నా, జిమ్నాస్టిక్స్ నేర్చుకునే పిల్లలకు నొప్పి వచ్చినా ఆగవద్దు. పిల్లల్లో ఎముక పెరిగే చోటే దెబ్బతినే ప్రమాదం ఉంది.

[దృశ్యం: చాప, మడతపెట్టిన దుప్పటి, రెండు డంబెల్స్, నీళ్ల సీసా.]

ఇవేవీ కాదు, వెనక వైపు నలుగుడే అనుకుందాం. "నెల రోజులు పూర్తిగా మానేయనా?" అని అడుగుతారు. మానితే తగ్గుతుంది. మళ్లీ మొదలుపెట్టిన వారానికి తిరిగి వస్తుంది, ఎందుకంటే కోణం మారలేదు, చేతికి బలం రాలేదు. అందుకే నేను మానమనను, మార్చమంటాను.

దుప్పటిని వాలుగా మడిచి అరచేతి మొదలు కింద పెట్టండి. మొదలు ఎత్తులో, వేళ్లు పల్లంలో ఉండాలి. తిరగేసి పెడితే నొప్పి పెరుగుతుంది. జిమ్‌లో అయితే పక్కలు పలకలుగా ఉన్న, దొర్లని డంబెల్స్ పట్టుకోండి, మణికట్టు తిన్నగా ఉంటుంది. అరచేయి నేలకు ఆనించినప్పుడు వేళ్లు విప్పార్చి, తడి ఇసుకను పిడికిట్లోకి లాగుతున్నట్టు వేలి కొసలతో నేలను పట్టుకోండి. బరువు చూపుడు వేలి మొదటికీ పంచుకుంటుంది.

బలానికి లీటరు నీళ్ల సీసా చాలు. ముంజేయి బల్ల మీద, చేయి అంచు బయట, అరచేయి కిందికి. రెండో చేత్తో సాయం పట్టి సీసాను పైకెత్తి, సాయం వదిలేసి, నాలుగు లెక్కపెడుతూ నెమ్మదిగా దించండి. పది పదిహేను సార్లు, రోజు విడిచి రోజు. బరువు దించడమే అసలు వ్యాయామం. ఎత్తడంలో గొప్పేమీ లేదు.

తిరిగి వెళ్లే దారి గోడ దగ్గర మొదలవుతుంది. గోడకు చేతులు ఆనించి, తర్వాత వంటగట్టు, తర్వాత మంచం పట్టె, ఆపైన మోకాళ్ల మీద, చివరికి నేల. మోకాళ్ల మీద చేస్తే చేతుల మీద పడేది ఒంటి బరువులో సుమారు సగమే. నొప్పి పదిలో మూడు దాటకుండా, మర్నాటి ఉదయానికి మిగలకుండా ఉంటేనే తర్వాతి మెట్టు. చాలామందికి ఆరు నుంచి ఎనిమిది వారాలు పడుతుంది. కుర్రాళ్లు మూడో రోజునే నేలకు దిగి నాలుగో రోజు నాకు ఫోను చేస్తారు.

నొప్పి మందు పైపూతగా కొన్నాళ్లు రాసుకోవచ్చు. మాత్రలైతే అల్సర్, కిడ్నీ, గుండె జబ్బులు ఉన్నవాళ్లు డాక్టరును అడగకుండా వేసుకోవద్దు.

[దృశ్యం: మళ్లీ బీచ్. అదే పెద్దాయన.]

"బాబాయి గారూ, ఒక్క నిమిషం" అని ఆపి, తడి ఇసుక తెచ్చి ఆయన రెండు అరచేతుల మొదళ్ల కింద చిన్న గట్లలా పోసి తట్టాను. వేళ్లను గట్టు దిగువకు చాపమన్నాను. ఆయన అనుమానంగానే చేతులు పెట్టారు. బరువు వేశారు. "అరె, పొడవడం లేదమ్మా!" అన్నారు.

ఎప్పుడూ రెండో నమస్కారానికే ఆగిపోయే మనిషి, ఆ రోజు ఆరోదానికి ఆగారు. మణికట్టు వల్ల కాదు, ఆయాసం వల్ల. దానికి వేరే వీడియో చేయాలి.