ఉచిత బస్సు, పుట్టింటి వాటా: విజయవాడ స్టూడియో చర్చ

సంధానకర్త: 2025 ఆగస్టు 15న స్త్రీశక్తి పథకం మొదలైంది. పల్లెవెలుగు నుంచి ఎక్స్‌ప్రెస్ దాకా ఆడవాళ్లకు టికెట్ డబ్బుల్లేవు. 'పనీపాటా లేకుండా తిరుగుతున్నారు' అన్న మాట మీదే ఇప్పుడు గొడవంతా. సూటిగా అడుగుతున్నా, ఆడది గడప దాటితే కుటుంబం దెబ్బతింటోందా?

న్యాయవాది: గడప దాటింది నిన్నా మొన్నా అండీ? గుంటూరులో ఉన్నవ లక్ష్మీబాయమ్మ గారు 1922లోనే ఆడపిల్లల చదువు కోసం శారదా నికేతనం...

ఆటో సంఘం ప్రతినిధి: చరిత్ర సరే మేడమ్. పొద్దున్నుంచి బస్టాండ్ దగ్గర కూర్చుంటే మధ్యాహ్నానికి రెండు బేరాలు.

న్యాయవాది: మీకూ ప్రభుత్వం 15 వేలు వేసిందిగా!

ఆటో ప్రతినిధి: ఏడాదికోసారండీ! ఫైనాన్స్ వాడు నెలనెలా వస్తాడు. మా ఇంటావిడా ఆ బస్సులోనే పనికెళ్తుంది, నేను వద్దనట్లేదు...

సంధానకర్త: ఆవిడ వెళ్తే ఇల్లు ఇబ్బంది పడుతోందా?

ఆటో ప్రతినిధి: నేను అన్నది అది కాదండీ!

మిర్చి కార్మికురాలు: ఒక మాట చెప్తా బాబూ. మిరపకాయల తొడిమలు తీసే పని నాది. కిలోల లెక్కన ఇస్తారు. రాత్రికి గోళ్ల సందుల్లో ఒకటే మంట. కొబ్బరినూనె రాసుకుంటా, అన్నం స్పూనుతో తింటా. ఛార్జీ మిగిలాక మనవరాలికి పాలు పోయించుకుంటున్నా. తిరగడానికి కాదు...

న్యాయవాది: అమ్మా, మీ పేరున సెంటు భూమి ఉందా?

కార్మికురాలు: లేదమ్మా. మా అన్నదమ్ములు సంతకం పెట్టించుకున్నారు.

న్యాయవాది: పెళ్లెప్పుడైంది?

కార్మికురాలు: ఎన్టీఆర్ గారు పోయిన ఏడు.

న్యాయవాది: అంటే 1996! ఆయన తెచ్చిన చట్టమే 1985 సెప్టెంబరు 5 నుంచి అమలై, అప్పటికి పెళ్లికాని కూతుళ్లకు పిత్రార్జితంలో సమాన వాటా ఇచ్చింది. 2005లో దేశమంతా వచ్చింది. 2020లో సుప్రీంకోర్టు ఇంకా స్పష్టం చేసింది. అయినా పసుపు కుంకుమ కింద నాలుగు చీరలు పెట్టి రిలీజ్ డీడ్ మీద, అంటే వాటా వదులుకున్నట్టు రాసిన కాగితం మీద, సంతకం తీసుకుంటున్నారు. బస్సు గురించి గంట మాట్లాడతారు, దీని గురించి ఎవరూ...

సంధానకర్త: వాటా అడిగితే కుటుంబాలు విడిపోవా?

న్యాయవాది: అన్న అడిగితే హక్కు, చెల్లి అడిగితే గొడవా? చెప్పండి!

(అందరూ ఒకేసారి మాట్లాడుతున్నారు)

ఆటో ప్రతినిధి: నా సంగతి...

కార్మికురాలు: అడిగితే పుట్టింటి గడప తొక్కనివ్వరమ్మా. అమ్మ ఇంకా ఉంది.

న్యాయవాది: అందుకే అంటున్నా, ఆ డీడ్ జిరాక్స్ తీసుకురండి, నేను చూస్తా...

సంధానకర్త: సమయం లేదు మేడమ్.

న్యాయవాది: ఒక్క నిమిషం! రిజిస్ట్రేషన్ ఆఫీసులో ఆ కాగితం ఆమెకు చదివి వినిపించారా?