ఒక్క ఇల్లు, బాకీ రావాల్సినవాళ్ళు నలుగురు: లియన్లలో ఎవరి వంతు ముందు?

అందరికీ నమస్కారమండీ. ఇక్కడ కూర్చున్నవాళ్ళలో చాలామందికి అమెరికాలో ఇల్లుంది, దాని మీద లోనూ ఉంది, కాబట్టి సోది లేకుండా విషయంలోకి వచ్చేస్తా. లియన్ అంటే బాకీ రావాల్సినవాడికి, ఆ బాకీ కింద మీ ఇంటి మీద ఉండే హక్కు.

లోన్ కట్టలేదని మొదటి బ్యాంకు ఫోర్‌క్లోజర్ పెట్టింది, అంటే ఇంటిని వేలానికి తెచ్చింది, వేలంలో ఇల్లు 3 లక్షల డాలర్లకి పోయింది అనుకోండి. ఆ బ్యాంకుకి 2 లక్షల 60 వేలు రావాలి, రెండో బ్యాంకుకి 80 వేలు. ఇద్దరూ చెరికొంత పంచుకోరు. వేలం ఖర్చులు పక్కన పెడితే మొదటివాడు తనది పూర్తిగా తీసేసుకున్నాక మిగిలిన 40 వేలే రెండోవాడికి, అక్కడితో ఇంటి మీద వాడి లియన్ కూడా పోయినట్టే. అదే రెండోవాడే వేలం వేయించాడనుకోండి, మొదటి లియన్ కదలదు, ఇల్లు కొన్నవాడి నెత్తినే ఉంటుంది. చవగ్గా వస్తోందని ఎగబడేవాళ్ళు బోల్తా పడేది ఎక్కువగా ఇక్కడే.

సరే, ముందెవరు? ముందొచ్చినవాడే ముందు, కానీ చూసేది సంతకం పెట్టిన తేదీ కాదు, కౌంటీ ఆఫీసులో రికార్డైన తేదీ. నార్త్ కరోలినా, లూసియానాల్లో ఎవడు ముందు రికార్డు చేయిస్తే వాడిదే, అంతే. కాలిఫోర్నియా లాంటి చోట్ల ఇంకో మెలిక ఉంది, పాత లోన్ ఉందని తెలిసి కూడా పరిగెత్తుకెళ్ళి ముందు రికార్డు చేయించుకుంటే చెల్లదు.

ఇంతవరకూ బానే ఉంది, గొడవంతా లైన్లో మధ్యలో దూరేవాళ్ళతో. ప్రాపర్టీ టాక్స్ ఎప్పుడు బాకీ పడ్డా దాదాపు అన్నిచోట్లా ముందుకొచ్చేస్తుంది. కాంట్రాక్టర్ లియన్ ఇంకా చిత్రం, చాలా రాష్ట్రాల్లో అది కాగితం వేసిన రోజు నుంచి కాదు, సైట్లో పని మొదలైన రోజు నుంచి లెక్క. అందుకే కన్‌స్ట్రక్షన్ లోన్ ఇచ్చే బ్యాంకులు రికార్డు చేయించేముందు మనిషిని పంపి ఖాళీ స్థలం ఫొటోలు తీయిస్తాయి, ఒక్క గుంట తవ్వి ఉన్నా కంగారే. ఐఆర్‌ఎస్, అంటే ఫెడరల్ పన్నుల శాఖ, మామూలుగా తన పన్ను బాకీ లియన్ నోటీసు ఫైల్ చెయ్యకముందే రికార్డైన తనఖాని దాటదు, కాకపోతే దాని లియన్ వెనక ఉండి వేలంలో పోయినా కనీసం 120 రోజుల దాకా కొన్నవాడికి డబ్బు కట్టేసి ఇల్లు తీసేసుకునే హక్కు దానికుంటుంది.

నన్నడిగితే అన్నిటికంటే ప్రమాదం హెచ్‌ఓఏ బాకీ, అంటే కాలనీ ఇంటి యజమానుల సంఘానికి కట్టాల్సిన డబ్బు. అంత చిన్న మొత్తాన్ని ఎవరు పట్టించుకుంటారు చెప్పండి! నెవాడాలో 9 నెలల హెచ్‌ఓఏ బకాయిలకి మొదటి తనఖా కంటే ముందు వంతు ఇచ్చారు. 2014లో అక్కడి సుప్రీంకోర్టు, యూఎస్ బ్యాంక్ కేసులో, ఆ బకాయి కోసం కోర్టు బయట వేలం వేసినా సరే మొదటి తనఖా తుడిచిపెట్టుకుపోతుందని తేల్చేసింది. పాపం బ్యాంకులు అనిపిస్తుంది గానీ, ఆ తొమ్మిది నెలల డబ్బేదో కట్టేస్తే ఒడ్డున పడేవాళ్ళే కదా, కోర్టు అన్నదీ అదే. 2015లో చట్టాన్ని కొంత సవరించారు.

ఇక మీలో హెలాక్, అంటే ఇంటి విలువ మీద కావాల్సినప్పుడల్లా వాడుకునే రెండో లోన్, ఉన్నవాళ్ళకి. కొత్త లోన్ తీసుకుని రీఫైనాన్స్ చేస్తే పాత మొదటి లోన్ తీరిపోతుంది, ఆ ఖాళీలోకి హెలాక్ జరుగుతుంది, కొత్త లోన్ దాని వెనక పడుతుంది. కొన్ని కోర్టులు కొత్త బ్యాంకుని పాతవాడి స్థానంలోనే నిలబెడతాయి, కానీ దాన్ని నమ్ముకుని ఏ బ్యాంకూ డబ్బివ్వదు, హెలాక్ వాళ్ళ దగ్గర్నుంచి వెనకే ఉంటామని సబార్డినేషన్ అగ్రిమెంట్ తెమ్మంటుంది. ఆ కాగితం వాళ్ళు చకచకా ఇచ్చేస్తారని అనుకోకండి, ఇచ్చి తీరాలన్న రూలూ మామూలుగా ఉండదు. ఈలోపు రేట్ లాక్, అంటే బ్యాంకు మీకు వడ్డీ రేటు మారకుండా పట్టి ఉంచే గడువు, దాటిపోతుంది. రీఫైనాన్స్‌కి అప్లికేషన్ పెట్టిన రోజే ఆ అగ్రిమెంట్‌ని కూడా అడిగి పెట్టుకోండి. ఇక ప్రశ్నలుంటే అడగండి.