పదిహేడున్నర డాలర్లు అడిగిన ఆవిడ

అక్క: రికార్డవుతోందా? సరే. ఇవాళ నటి ఎలెన్ కార్బీ గురించి. మొన్న పంపిన క్లిప్ చూశావా, హీరో నడిపే అప్పుల సంస్థలో దాచుకున్న డబ్బులు వెనక్కిచ్చేయమని జనం ఎగబడే సీను?

తమ్ముడు: 'ఇట్స్ ఎ వండర్‌ఫుల్ లైఫ్'లోది కదా, 1946. చూశానక్కా. హనీమూన్‌కి పెట్టుకున్న 2000 డాలర్లు బయటికి తీసి హీరో అందరికీ సర్దుతుంటాడు. ఒకాయన 242 మొత్తం ఇచ్చి తీరాల్సిందే అని కూర్చుంటాడు, తర్వాతి వాళ్లు ఇరవై చాలంటారు.

అక్క: ఆ వెనకాల ఒక బక్కపల్చటి ఆవిడ, మొహమాటపడుతూ, పదిహేడున్నర ఇస్తారా అంటుంది. హీరో జేమ్స్ స్టువర్ట్ ఆవిణ్ని ముద్దు పెట్టేసుకుంటాడు! ఆ అంకె డైరెక్టర్ కాప్రా అప్పటికప్పుడు ఆవిడ చెవిలో వేశాడని చెప్పుకుంటారు. నిజమెంతో గానీ, ఆవిడ కూడా ఇరవై అడిగుంటే ఇవాళ మనం మాట్లాడుకునేవాళ్లం కాదు. ఆవిడే ఎలెన్ కార్బీ. 1911లో విస్కాన్సిన్‌లో పుట్టింది, అమ్మానాన్నలు డెన్మార్క్ నుంచి వచ్చినవాళ్లు.

తమ్ముడు: మరి హాలీవుడ్‌లో మొదట చేసింది నటన కాదటగా.

అక్క: దాదాపు పన్నెండేళ్లు స్క్రిప్ట్ గర్ల్‌రా. అంటే కంటిన్యుటీ చూసుకోవడం. గ్లాసు ఏ చేతిలో ఉంది, గుండీ పెట్టుకున్నాడా లేదా, తల ఏ మాట దగ్గర తిప్పాడు, అన్నీ రాసుకుంటూ కెమెరా పక్కన కూర్చోవడం. మధ్యలో కౌబాయ్ సినిమాలకి కథలు కూడా రాసింది. నాకేమనిపిస్తుందంటే, చిన్న పనిని ఎంత శ్రద్ధగా చేయాలో ఆ కుర్చీలోనే పట్టేసింది. హిచ్‌కాక్ 'వెర్టిగో'లో హోటల్ ఆవిడ గుర్తుందా?

తమ్ముడు: ఆ రబ్బరు మొక్క!

అక్క: అదే! పైగదిలో ఎవరో ఉన్నారని హీరో కంగారు పడిపోతుంటే, ఈవిడ మాత్రం నేనెక్కడికీ కదల్లేదు, ఇక్కడే కూర్చుని మొక్క ఆకులకి ఆలివ్ నూనె రాస్తున్నానంటుంది. అంత నిదానంగా ఆకులు తుడుచుకునే మనిషి అబద్ధమాడుతుందని ఎవరనుకుంటారు? అక్కడే మనకి తల తిరుగుతుంది.

తమ్ముడు: ఆస్కార్ నామినేషన్ దేనికక్కా?

అక్క: 1948, 'ఐ రిమెంబర్ మామా'. శాన్‌ఫ్రాన్సిస్కోలో నార్వే కుటుంబం. ఈవిడ ట్రీనా పిన్ని, భయస్తురాలు. ఒక సంబంధం కుదిరింది, అక్కలు ఎగతాళి చేస్తారేమోనని హడలిపోతుంటుంది. పెళ్లికొడుకు శవాలకి అంత్యక్రియలు చేయించే ఆయన, వేసింది ఎడ్గర్ బెర్గెన్. గోల్డెన్ గ్లోబ్ వచ్చింది, ఆస్కార్ క్లేర్ ట్రెవర్‌కి పోయింది. ఇప్పుడు అసలు సంగతి విను. 1971లో 'ది హోమ్‌కమింగ్' అని టీవీ సినిమా, ఒక పల్లె కుటుంబం కథ, అందులో ఈవిడ బామ్మ. తాతయ్య ఎవరనుకున్నావ్?

తమ్ముడు: బెర్గెనే?

అక్క: బెర్గెనే! ఇరవై మూడేళ్లకి ఆ జంటే మళ్లీ ముసలి మొగుడూపెళ్లాలు. తర్వాత దాన్ని 'ది వాల్టన్స్' సీరియల్‌గా తీసినప్పుడు తాతయ్యగా విల్ గీర్ వచ్చాడు గానీ బామ్మ మారలేదు.

తమ్ముడు: నిజం చెప్పనా, ఆ సీరియల్లో నాకు పంచదార ఎక్కువైంది. ఈవిడ కసురుకుంటేనే కాస్త ఉప్పూకారం తగిలేది.

అక్క: అందుకే మూడు ఎమ్మీలు, అంటే టీవీకిచ్చే పెద్ద అవార్డులు, 1973, 75, 76. ఆ 76 నవంబర్లోనే స్ట్రోక్ వచ్చి మాట పోయింది. మన అమ్మమ్మ గుర్తుందా, "అది... అది" అని వేలు చూపిస్తే మనం మంచినీళ్లా, కళ్లజోడా అని ఇల్లంతా వెతికేవాళ్లం, ఆవిడకేమో విసుగు. కార్బీది మాటలతో బతికే వృత్తి కదా. సీరియల్ వాళ్లు ఆ జబ్బునే బామ్మ పాత్రకి పెట్టి, 1978 మార్చిలో బామ్మ ఇంటికి తిరిగొచ్చినట్టు ఎపిసోడ్ తీశారు. ఒక్కో మాట కూడదీసుకుని పలుకుతుంది, మిగతాదంతా కళ్లతోనే.

తమ్ముడు: అందులో విల్ గీర్ ఉన్నాడా?

అక్క: ఉన్నాడు. ఏప్రిల్లో పోయాడాయన. మళ్లీ ఇద్దరూ కలిసి కెమెరా ముందుకి రాలేదు. ఈవిడ మాత్రం 1997 దాకా వాల్టన్స్ టీవీ సినిమాల్లో కనిపిస్తూనే ఉంది, 1999లో పోయింది.

తమ్ముడు: మొదట ఏది చూడమంటావ్?

అక్క: ట్రీనా పిన్నిని చూడు. తర్వాత బామ్మ ఇంటికొచ్చే ఎపిసోడ్. మధ్యలో రబ్బరు మొక్క. పంచదార ఎక్కువైతే నాకు ఫోన్ చెయ్యకు.