మీ బ్యాగు మీ చేత్తోనే మార్చుకోండి

అందరికీ నమస్కారం. ఆపరేషన్ అయినవాళ్ళు, త్వరలో చేయించుకోబోయేవాళ్ళు, వాళ్ళ వెంట వచ్చిన ఇంటివాళ్ళు అందరూ ఇక్కడ ఉన్నారు. నేను సర్జరీ వార్డులో నర్సుని. చాలా ఏళ్ళుగా స్టోమా ఉన్నవాళ్ళతోనే నా పని. స్టోమా అంటే మలం బయటికి రావడానికి ఆపరేషన్‌తో పొట్ట మీద చేసే ద్వారం. ఆ మలం పట్టుకోవడానికి దాని మీద అతికించేదే బ్యాగు.

ముందు ఒక పెద్దాయన సంగతి చెప్తాను. ఆపరేషన్ అయి రెండేళ్ళయినా ఆయన ఒక్కసారి కూడా తన పొట్ట వైపు చూసుకోలేదు. బ్యాగు మార్చే పనంతా భార్యదే. కూతురి పురిటికి ఆవిడ ఊరెళ్ళిన మూడో రోజు బ్యాగు అంచు ఊడింది. ఏం చెయ్యాలో తెలియక ఆయన బాత్‌రూమ్‌లో తలుపేసుకుని, పొట్టకు తువ్వాలు అదుముకుని కూర్చున్నారు. పక్కింటి కుర్రాడు మా దగ్గరికి తీసుకొచ్చేసరికి సాయంత్రమైంది. ఆయనకు కష్టమైంది బ్యాగు వల్ల కాదు. దాన్ని మార్చడం ఆయన చేతికి ఎవరూ నేర్పలేదు. ఆయన్ని ఇంటికి పంపేటప్పుడు ఆ పని చెయ్యాల్సింది మేమే.

కొలోస్టమీ అంటే పెద్దపేగును పొట్ట గోడలోంచి బయటికి తెచ్చి, అంచు తిరగేసి చర్మానికి కుట్టడం. ఆ ద్వారమే స్టోమా. గ్రీకు భాషలో ఆ మాటకు నోరు అని అర్థం. మీ బుగ్గ లోపలివైపు వేలితో తాకి చూడండి. తడిగా, మెత్తగా, ఎర్రగా ఉంటుంది. స్టోమా కూడా అంతే, అది పుండు కాదు. ముట్టుకుంటే నొప్పి తెలియదు. తుడిచేటప్పుడు ఒక చుక్క రక్తం కనిపించినా కంగారు పడకండి. కానీ అది నల్లగానో ముదురు ఊదాగానో మారినా, రక్తం ఆగకపోయినా, ఏమీ బయటికి రాక కడుపు ఉబ్బి వాంతులైనా తెల్లారేదాకా ఆగకుండా ఆసుపత్రికి రండి.

పెద్దపేగు కుడివైపు పైకి వెళ్ళి, అడ్డంగా నడిచి, ఎడమవైపు కిందికి దిగుతుంది. దారి పొడుగునా నీటిని పీల్చుకుంటుంది. అందుకే కుడివైపు స్టోమా పెడితే మలం పల్చగా వస్తుంది, అడ్డంగా ఉన్న భాగంలో పెడితే ముద్దగా వస్తుంది. ఎడమవైపు చివర్లో పెడితే మామూలుగా గట్టిపడి, రోజుకు ఒకటి రెండుసార్లే రావచ్చు. పేగును ఉంగరంలా బయటికి లాగి రెండు నోళ్ళు తెరిస్తే లూప్ కొలోస్టమీ. ఇది ఎక్కువగా తాత్కాలికం. మలద్వారం లేకుండా పుట్టిన పసిబిడ్డలకు చాలాసార్లు ముందు కొలోస్టమీ చేస్తారు, తర్వాత దారి సరిచేసి దీన్ని మూసేస్తారు. పేగు కొసను ఒక్కదాన్నే తెచ్చి కుడితే ఎండ్ కొలోస్టమీ. క్యాన్సర్ మరీ కిందికి ఉండి మలద్వారాన్ని కూడా తీసేయాల్సి వస్తే అది శాశ్వతం. మీది ఏ రకమో, మళ్ళీ మూస్తారో లేదో డాక్టర్‌ను నోరు విప్పి అడగండి. అది మీకు తెలియాలి.

మలద్వారం అలాగే ఉన్నవాళ్ళకు ఒక్కోసారి దొడ్డికి వచ్చినట్టు అనిపించి కింది నుంచి తెల్లగా జిగురు పడుతుంది. కుట్లు ఊడిపోయాయేమోనని ఏడ్చినవాళ్ళను చూశాను. పేగు లోపలి పొర ఊరించే జిగురే అది, భయం లేదు.

ఆపరేషన్ కాబోయేవాళ్ళు ఇది శ్రద్ధగా వినండి. స్టోమా ఎక్కడ రావాలో ముందే పొట్ట మీద గుర్తు పెట్టించుకోండి. పడుకుని ఒక్కటే కాదు, కూర్చుని, వంగి, నిలబడి చూడాలి. లంగా బొందు, మొలతాడు, పంచె ముడి ఎక్కడ పడతాయో నర్సుకు చూపించండి. ముడి కింద స్టోమా వస్తే ఆ తర్వాత ప్రతిరోజూ ఇబ్బందే.

ఇప్పుడు బ్యాగు. 1954లో డెన్మార్క్‌లో ఎలిసె సోరెన్‌సెన్ అనే నర్సు, ఆపరేషన్ అయిన తన చెల్లెలు బయటికి రావడానికే భయపడుతుంటే చూడలేక, చర్మానికి అతుక్కునే, వాడి పారేసే బ్యాగును ఆలోచించింది. నర్సుగా ఆ సంగతి తలుచుకున్నప్పుడల్లా నాకు గర్వంగా ఉంటుంది.

బ్యాగు మూడో వంతు నిండగానే ఖాళీ చేయండి. బరువెక్కితే ప్లేటు, అంటే బ్యాగుకుండే చర్మానికి అతుక్కునే భాగం, ఊడుతుంది. చర్మాన్ని మామూలు నీళ్ళతో కడిగి, మెత్తటి గుడ్డతో అద్ది, పూర్తిగా ఆరనివ్వండి. కొబ్బరినూనె, పౌడరు వద్దు, ప్లేటు అతుక్కోదు. ప్లేటులో రంధ్రం స్టోమా కన్నా రెండు మూడు మిల్లీమీటర్లు మాత్రమే పెద్దగా కత్తిరించండి. ఎక్కువైతే మలం తగిలి చర్మం ఒరిసిపోతుంది. మొదటి ఆరు నుంచి ఎనిమిది వారాలు స్టోమా చిన్నదవుతూ ఉంటుంది కాబట్టి ప్రతిసారీ కొలవాలి. మన ఎండాకాలం చెమటకు ప్లేటు తొందరగా వదులుతుంది, ఆ నెలల్లో ఒక బ్యాగు ఎక్కువ దగ్గర ఉంచుకోండి.

తిండి విషయంలో భయపడి పస్తులుండకండి. క్యాబేజీ, ముల్లంగి, ఉల్లి, గుడ్డు కొందరికి గ్యాస్, వాసన తెస్తాయి, కొందరికి ఏమీ చేయవు. ఒక్కొక్కటిగా తిని చూసుకోండి. మజ్జిగ చాలామందికి పడుతుంది. తేగలు, మునక్కాడల్లాంటి పీచు తిండి మొదటి వారాల్లో ఆపండి. బిందెలు, బస్తాలు కొన్ని నెలలు ఎత్తకండి, స్టోమా పక్కన హెర్నియా, అంటే పేగు పొట్ట గోడలోంచి ఉబికి రావడం, రావచ్చు.

స్నానం, బస్సు ప్రయాణం, ఉద్యోగం, భార్యాభర్తల కాపురం అన్నీ చేసుకోవచ్చు. "పూజ గదిలోకి వెళ్ళొచ్చా అమ్మా?" అని నన్ను అడగని నెల లేదు. మలం అందరి కడుపులోనూ ఉంటుంది, మీది సంచిలో ఉంది. వెళ్ళండి, దీపం పెట్టుకోండి.

ఆ బల్ల మీద బ్యాగులు, కొలత కాగితం, కత్తెర ఉన్నాయి. ముందు ఆపరేషన్ అయినవాళ్ళు రండి. ఇంటివాళ్ళు వెనక నిలబడి చూడండి. కత్తెర మాత్రం మీరు పట్టుకోకండి.