వందేళ్ల రీళ్లకు రంగు, గొంతు: ‘దే షల్ నాట్ గ్రో ఓల్డ్’ రివ్యూ

నమస్కారం. పాత మూకీ రీళ్లలో మనుషులు కీ ఇచ్చిన బొమ్మల్లా గబగబా నడవడం చూసే ఉంటారు. పాపం, వాళ్లు మామూలుగానే నడిచారు. అప్పట్లో కెమెరామన్ చేత్తో పిడి తిప్పేవాడు. సెకనుకు 16 ఫ్రేములు పడేవి, ఒక్కోసారి ఇంకా తక్కువ. వాటిని 24 ఫ్రేముల వేగంతో నడిపిస్తే పెద్ద మనిషి కూడా గంతులేస్తాడు.

పీటర్ జాక్సన్ 2018లో చేసిన ఈ డాక్యుమెంటరీలో నాకు అన్నిటికన్నా నచ్చింది ఆ నడకను సరిచేయడమే. మొదటి ప్రపంచ యుద్ధంలో పశ్చిమ రణరంగానికి, అంటే ఫ్రాన్స్, బెల్జియం వైపు వెళ్లిన బ్రిటిష్ సైనికుల కథ ఇది. లండన్‌లోని ఇంపీరియల్ వార్ మ్యూజియం భద్రపరిచిన రీళ్లే ఇందులో దృశ్యాలు. వ్యాఖ్యాత లేడు. దశాబ్దాల తర్వాత రికార్డు చేసిన ఆ సైనికుల మాటలే వినిపిస్తాయి.

మొదట తెర మధ్యలో చిన్న చట్రం, నలుపు తెలుపు. దాదాపు 25 నిమిషాలకు ఆ చట్రం మెల్లగా పెరిగి రంగులోకి మారుతుంది. అక్కడ నాకు ఒళ్లు జలదరించింది.

ఒక దృశ్యం గురించి మాత్రం చెప్పాలి. ఫ్రాన్స్‌లో బోమాంట్ హామెల్ దగ్గర, పల్లంగా ఉన్న ఒక బాటలో లాంకషైర్ ఫ్యూజిలియర్స్ దళం కూర్చుని ఉంటుంది. తేదీ 1916 జూలై 1. కొందరు కెమెరా వైపు చూస్తారు, నవ్వరు. ఆ ఉదయమే జరిగిన దాడిలో వాళ్లలో చాలామంది చనిపోయారు, గాయపడ్డారు. అదే దృశ్యాన్ని రంగు తీసేసి నలుపు తెలుపులోనూ చూశాను. ఆ చూపుల్లో భయం ఏమాత్రం తగ్గలేదు. కాబట్టి రంగుకు మరీ ఎక్కువ మార్కులు వేయను.

హోరాహోరీ పోరు సాగుతుండగా తీసిన ఫుటేజి దాదాపు లేదు. జాక్సన్ దాన్ని పుట్టించలేదు, ఆ కాలపు పత్రికల్లోని బొమ్మలు వాడుకున్నారు. 1916లోనే వచ్చిన ‘ది బ్యాటిల్ ఆఫ్ ది సోమ్’ అనే యుద్ధ డాక్యుమెంటరీలో సైనికులు కందకం దాటి దూకే ప్రసిద్ధ దృశ్యం నటింపజేసి తీసిందే! ఆ లెక్కన ఈ నిజాయితీ చిన్నదేమీ కాదు.

నా ఫిర్యాదు గొంతుల మీద. పెదవుల కదలికలు చదివే నిపుణులు సైనికులు ఏమంటున్నారో చెబితే, నటులు ఆ మాటలు పలికారు. పనితనం అద్భుతం. కానీ ఏది అసలు రికార్డింగో, ఏది డబ్బింగో సినిమా నడుస్తుండగా ఎక్కడా చెప్పరు. మూలలో చిన్న అక్షరాలు వేస్తే పోయేదేముంది?

ఆ యుద్ధానికి సముద్రాలు దాటి వెళ్లిన భారతీయులు పది లక్షలకు పైనే. వాళ్ల కథ ఇందులో లేదు, ముందే చెబుతున్నాను. చూసేవాళ్లు హెడ్‌ఫోన్ పెట్టుకోండి, భోజనం ముందే ముగించండి. శవాలను, కుళ్లిన పాదాలను దాచకుండా చూపించారు.