మొత్తం 124 అయింది, పెన్నులెన్ని?

అందరికీ నమస్కారం.

ముందు ఒక లెక్క చెబుతాను, మనసులో చేస్తూ వినండి. పెన్ను ఒక్కోటి 8 నాణేలు, పెన్సిల్ ఒక్కోటి 5 నాణేలు. రెండూ కలిపి 20 కొన్నారు, మొత్తం 124 నాణేలు అయ్యాయి. పెన్నులెన్ని, పెన్సిళ్లెన్ని?

నాలుగైదు తరగతుల పిల్లలకు ఇది ఇస్తే, కొందరు వెంటనే 8, 5 కూడి 13 చేస్తారు. 124ని దానితో భాగిస్తారు. తొమ్మిదిసార్లు పోయి 7 మిగులుతుంది. ఆ 7ని ఏం చెయ్యాలో తోచక తలెత్తి మన ముఖం చూస్తారు. మనం "తప్పు" అని కొట్టేస్తాం. నాకు బాధ కలిగేది ఇక్కడే. ఆ పిల్లవాడు పట్టుకున్నది మరో లెక్కకు సరైన దారి! "రెండూ సమానంగా కొన్నారు, మొత్తం 117 అయింది" అని ఉంటే ఒక పెన్నూ ఒక పెన్సిలూ కలిసి ఒక జత, జత ధర 13, తొమ్మిది జతలు. "పెన్నులు మూడు ఎక్కువ, మొత్తం 89" అన్నా అంతే. ఆ మూడు పెన్నుల 24 పక్కన పెడితే మిగిలిన 65లో ఐదు జతలున్నాయి. మన లెక్కలో మాత్రం 'సమానం' అన్న మాటే లేదు, వాడే తెచ్చిపెట్టుకున్నాడు. అందుకని కొట్టేసే ముందు "ఈ 13 దేని ధర నాన్నా?" అని అడిగి చూడండి. చెప్పబోయి వాడే ఆగుతాడు.

ఇక అసలు దారి. ఇరవై చీటీలు తీసుకోండి. ప్రతి చీటీకి ఒకవైపు 5, వెనకవైపు 8 రాయండి. అన్నిటినీ 5 పైకి కనబడేలా పరచండి. అంటే ఇరవయ్యీ పెన్సిళ్లే అనుకున్నాం. ఎంతయింది? 100. కావలసింది 124, ఇంకా 24 తక్కువ. ఇప్పుడు ఒక్క చీటీ తిరగేయించండి. చీటీలు ఇరవయ్యే ఉన్నాయి, మొత్తం మాత్రం 103 అయింది. ఇంకోటి తిప్పితే 106. ఇక్కడ తొందరపడకండి, పిల్లల చేతే తిప్పించండి. తిప్పినప్పుడల్లా మూడే పెరుగుతోందని వాళ్ల కంటికి కనబడాలి. నాలుగైదు తిప్పేసరికి ఎవరో ఒకరు "ఎనిమిది తిప్పితే చాలు" అనేస్తారు. 24లో 3 ఎనిమిదిసార్లు. ఎనిమిది పెన్నులు, పన్నెండు పెన్సిళ్లు. 64, 60 కలిపితే 124, సరిపోయింది.

ఇంత చేశాక కూడా "పెన్సిళ్లు 8" అని రాసేవాళ్లుంటారు. భాగహారం బాగానే చేశారు, వచ్చిన 8 దేన్ని లెక్కపెడుతోందో మరిచిపోయారు. అది తిప్పిన చీటీల లెక్క. అన్నీ పెన్నులే అనుకుని మొదలుపెడితే 160 అవుతుంది, 36 ఎక్కువ, పన్నెండు చీటీలు వెనక్కి తిప్పాలి. అప్పుడు వచ్చే 12 పెన్సిళ్లది. రెండు వైపుల నుంచీ ఒకసారి చేయిస్తే ఈ తికమక పోతుంది.

"పై తరగతుల్లో x, y వస్తాయి కదా, ఇదంతా ఎందుకు?" అని అడుగుతారు. అక్కడ పెన్నులు x, పెన్సిళ్లు y అనుకుని x + y = 20, 8x + 5y = 124 అని రాస్తారు. మొదటి సమీకరణాన్ని 5తో గుణించి రెండోదాన్నుంచి తీసేస్తే 3x = 24 వస్తుంది. ఆ తీసివేత మన చీటీల ఆటే. చీటీ తిప్పిన పిల్లకు ఆ వరస కొత్తగా అనిపించదు.

ఇలాంటి లెక్కలు చాలా పాతవి. క్రీ.శ. 850 ప్రాంతంలో మహావీరాచార్యుడు రాసిన గణితసారసంగ్రహంలో ఒకటుంది. పావులూరి మల్లన తెలుగు చేసింది ఆ గ్రంథాన్నే. తొమ్మిది మాదీఫలాలు, ఏడు వెలగపండ్లు కలిపి 107. ఏడు మాదీఫలాలు, తొమ్మిది వెలగపండ్లు కలిపి 101. ఒక్కోదాని ధరెంత? ఇక్కడ ధరలే తెలియవు. అయినా రెండు కొనుగోళ్లూ కలపండి: పదహారేసి పండ్లు, 208. అంటే జత 13. ఒకదాన్నుంచి ఒకటి తీసేయండి: రెండు మాదీఫలాలకూ రెండు వెలగపండ్లకూ తేడా 6, ఒక్కోదానికి 3. జత 13, తేడా 3, కాబట్టి 8, 5. ఇందాక మనం వాడిన ధరలే!

చివరగా, లెక్కలు తయారుచేసే మీకు ఒక మాట. జవాబు ముందు ఖాయం చేసుకుని, దాన్నుంచి మొత్తం కట్టండి. పొరపాటున 124 బదులు 125 పడిందనుకోండి, 25లో 3 సరిగ్గా పోదు. పిల్లలు తామే తప్పు చేశామనుకుని నాలుగుసార్లు చెరిపి రాస్తారు. ఎవరైనా లేచి "ఈ లెక్క కుదరదు టీచర్" అంటే కూర్చోబెట్టకండి, ఎందుకని అడగండి. "100 నుంచి మూడేసి ఎక్కుతూ పోతే 124 వస్తుంది, 127 వస్తుంది, 125 రాదు" అని ఆ పిల్ల చెబితే, ఆ పూట మిగతా లెక్కలు ఆపి ఆ జవాబే బోర్డు మీద రాయించండి.