డెక్‌కి ఏ చెక్క వేయించాలి?

అందరికీ నమస్కారం.

అట్లాంటా చుట్టుపక్కల మనవాళ్ల ఇళ్లలో చాలావాటికి బేస్‌మెంట్ ఉంటుంది. ఇంటి వెనక నేల పల్లంగా ఉంటుంది కాబట్టి డెక్, అంటే ఇంటిని ఆనుకుని పలకలతో కట్టే అరుగు, ఒక అంతస్తు ఎత్తున నిలబడుతుంది. పిల్లల ఆటలు, వేసవి రాత్రి భోజనాలు, వడియాలు ఎండబెట్టుకోవడం అన్నీ దానిమీదే. అది పాతబడ్డాక అందరూ అడిగేది ఒక్కటే: "చెక్క వేయించమంటారా, కాంపోజిటా?" నేను ముందు అడిగేది వేరు. మీ డెక్ మీద మధ్యాహ్నం ఎండ పడుతుందా, చెట్ల నీడ ఉంటుందా?

చెక్క సంగతి ముందు చెబుతాను. జార్జియాలో దొరికే సదరన్ ఎల్లో పైన్ గట్టిది, ధరా తక్కువే. కానీ మందు పట్టించకపోతే ఇక్కడి తేమకు, చెదలకు ఆగదు. ఆ మందు చరిత్రలో మనం తలుచుకోవాల్సిన పేరు ఒకటుంది. డెహ్రాడూన్ ఫారెస్ట్ రీసెర్చ్ ఇన్‌స్టిట్యూట్‌లో పనిచేసిన శొంఠి కామేశం గారు 1933లో రాగి, క్రోమియం, ఆర్సెనిక్ కలిపి ఒక మందు తయారుచేశారు. రాగి చెక్కను కుళ్లబెట్టే బూజును ఆపుతుంది, ఆర్సెనిక్ పురుగును చంపుతుంది, క్రోమియం ఆ రెండూ చెక్కలోంచి కొట్టుకుపోకుండా పట్టి ఉంచుతుంది. సీసీఏ అంటే అదే. అమెరికాలో దశాబ్దాల పాటు పెరటి డెక్‌లు దాని బలం మీదే నిలబడ్డాయి. ఈ సంగతి మన పిల్లలకు చెప్పండి.

అయితే ఆర్సెనిక్ కొద్దికొద్దిగా బయటికి వస్తుందన్న ఆందోళనతో 2003 చివరికల్లా ఇళ్ల వాడకానికి దాన్ని ఆపేశారు. మీ ఇల్లు అంతకు ముందు కట్టిందై, డెక్ అప్పటిదే అయితే సీసీఏ చెక్కే అయ్యుండొచ్చు. అంతమాత్రాన కంగారుపడి రేపే పీకించేయక్కర్లేదు. చెక్కలోకి ఇంకే స్టెయిన్ (రక్షణ పూత) ఏడాదికో రెండేళ్లకో వేస్తుంటే బయటికొచ్చేది తగ్గుతుంది. ఇసుక కాగితంతో రుద్దడం, ప్రెషర్ వాషర్ పెట్టడం వద్దు. పీకించాక ఆ ముక్కలను కాల్చకండి, బూడిదలో ఆర్సెనిక్ మిగులుతుంది. ఇంకో మాట చేతులు జోడించి చెబుతున్నాను: గట్టిగా ఉన్నాయి కదా అని ఆ పలకలతో గోంగూరకీ తోటకూరకీ మడులు కట్టకండి.

ఇప్పుడు దొరికే మందు చెక్కలో ఆర్సెనిక్ లేదు, రాగి పాలు పెరిగింది. ఆ రాగి మామూలు మేకులను, స్క్రూలను తినేస్తుంది. హాట్ డిప్ గాల్వనైజ్డ్ (కరిగిన జింకులో ముంచి తీసినవి) గానీ స్టెయిన్‌లెస్ స్టీల్ గానీ వాడాలి. కొనేటప్పుడు పలక చివర కొట్టిన చిన్న ప్లాస్టిక్ ట్యాగ్ చదవండి. నేలకు తగిలే చోట వేసే స్తంభాలకు 'గ్రౌండ్ కాంటాక్ట్' అని ఉండాలి. 'ఎబౌవ్ గ్రౌండ్' అని ఉంటే అది పైకి మాత్రమే పనికొస్తుంది. పలకలు స్టోర్‌లో పచ్చిగా, బరువుగా ఉంటాయి. అందుకే వాటిని పక్కపక్కన ఆనించి బిగిస్తారు, ఎండాక వాటంతటవే సందు ఇస్తాయి. స్టెయిన్ ఎప్పుడు వేయాలంటే, నాలుగు నీటి చుక్కలు చల్లి చూడండి. చుక్క పైనే నిలిచిందా, ఇంకా ఆగాలి. ఇంకిపోయిందా, వేసేయొచ్చు.

కాంపోజిట్ అంటే చెక్క పొట్టు, ప్లాస్టిక్ కలిపి చేసినది. పైన ప్లాస్టిక్ పొర ఉన్న రకమే తీసుకోండి. దానిమీద నూనె ఒలికినా తుడిస్తే పోతుంది, చెక్కయితే పీల్చుకుంటుంది. స్టెయిన్ బెడద లేదు. నీడలో, తేమలో ఉండే డెక్‌కి నా ఓటు దీనికే, పాచి మాత్రం అప్పుడప్పుడూ కడగాలి. ఎండ నేరుగా పడే డెక్‌కి మాత్రం ముదురు రంగు వద్దే వద్దు, కాళ్లు కాలతాయి. చెక్కా వేడెక్కుతుంది కానీ అంతలా కాదు. మనం చెప్పులు బయట విడిచి తిరిగేవాళ్లం! స్టోర్‌లో శాంపిల్ ముక్క అడిగి తెచ్చుకుని, జూలై మధ్యాహ్నం ఎండలో పెట్టి, ఉత్తి కాళ్లతో దానిమీద ఒక నిమిషం నిలబడి చూడండి. కాంపోజిట్ వేడికి పొడవునా సాగుతుంది కాబట్టి కంపెనీ చెప్పినంత సందు వదలకపోతే పలకలు ఉబ్బి లేస్తాయి.

బ్రెజిల్ ఇపే చెక్క గొప్పదే. కానీ అది 2024 నవంబర్ నుంచి సైటిస్ (ముప్పున్న మొక్కల, జంతువుల వ్యాపారాన్ని అదుపు చేసే అంతర్జాతీయ ఒప్పందం) నియంత్రణ కిందికి వచ్చింది. కాగితాలు లేని సరుకు ముట్టుకోకండి. సీడర్ అందంగా ఉంటుంది, మెత్తన. కుర్చీ ఈడ్చినా గీత పడుతుంది.

పైన ఎంత ఖరీదైన పలక వేసినా కింది ఫ్రేమ్ ఎక్కువగా పైన్ చెక్కదే. కాంపోజిట్‌కి పాతికేళ్ల వారంటీ ఉందని మురిసిపోయే ముందు, దాన్ని కింద మోసే జాయిస్టులు (సన్న దూలాలు) అంతకాలం ఉంటాయా అని అడగండి. పాత ఫ్రేమ్ మీదే కొత్త పలకలు వేద్దామని కాంట్రాక్టర్ అంటే, స్క్రూడ్రైవర్‌తో జాయిస్టుల పై అంచును పొడిచి చూడమనండి, మెత్తగా దిగితే ఒప్పుకోకండి. కొత్తవాటి మీద నీరు దిగకుండా టేప్ అంటించమనండి. డెక్‌ను ఇంటి గోడకు పట్టి ఉంచే లెడ్జర్ బోర్డును ఒట్టి మేకులతో కొట్టడం డెక్‌లు కూలడానికి పేరుపడ్డ కారణం. అక్కడ బోల్టులు, వెనక నీరు పోకుండా ఫ్లాషింగ్ (అడ్డు రేకు) ఉండాలి. ఈ రెండూ కొటేషన్‌లో విడిగా రాయించుకోండి.

ఇక మీ డెక్‌ల ఫొటోలు తెచ్చినవాళ్లు ముందుకు రండి, ఒక్కొక్కటీ చూద్దాం.